దింపుడు కళ్ళం మీదుగా రోడ్డు

మా మరిది పోయాడు. మొన్న మంగళవారం పొద్దున్నే మా తోటికోడలు వీధి గుమ్మంలోంచి "అక్కా!" అని ఒక్క కేక వేసింది. రెండో కేక అక్కర్లేకపోయింది. హైవే పక్కన మట్టితో వేసిన డైవర్షను వానకి మునిగి, వరుసగా రెండుసార్లు టెక్కలికి డయాలసిస్‌కి వెళ్ళలేకపోయినవాడి ఇంటి నుంచి వచ్చే కేకకి అర్థం వెతుక్కుంటామా?

మీలో కొందరికి అతను రోడ్డు కోసం హైకోర్టుకెళ్ళిన రైతుగా తెలుసు. నాకు మాత్రం, నేను కాపరానికి వచ్చిన నాటి నుంచీ నా పులుసుకి వంక పెట్టిన మనిషి.

హైవే వెడల్పు చేస్తామని మా ఊరి ముందు తవ్వి, కల్వర్టు సగం కట్టి, కంట్రాక్టరు మాయమై ఏళ్ళయింది. నౌపడ ఉప్పు లారీలు తిరిగి తిరిగి డైవర్షను చెరువైంది. ఊళ్ళోవాళ్ళు ఆ గోతుల్లో వరినాట్లు వేసి ఫొటోలు తీయిద్దామంటే మరిది ఒప్పుకోలేదు.

"ఉడుపు ఉడిస్తే పొలమని రాసేస్తార్రా. రేపు రోడ్డడిగితే పంట నష్టం ఇస్తామంటారు. కోర్టుకెల్దాం."

వకీలుకి వివరాలు రాసిచ్చే పని నా మీద పడింది. ఇంట్లో బి.ఏ. చదివిన నేరం నాది మరి. పొలంలో నీరు చూసుకునే అలవాటు కొద్దీ మరిది రోజూ పొద్దున్నే కర్ర పట్టుకుని గోతుల లోతు చూసొచ్చేవాడు.

"రాయొదినా. కల్వర్టు కాడ మోకాలు. బడి ముందర తొడ."

నేను మీటర్లలోకి మార్చాను. అది చూసి మండిపడ్డాడు.

"మీటర్లేటి? జడ్జీగారికి మోకాళ్ళు లేవేటి?"

"ఉంటాయయ్యా. నీ మోకాలూ ఆయన మోకాలూ ఒకే ఎత్తుండొద్దూ?"

"ములిగినోడి మోకాలే లెక్క."

రెండూ రాశాను. మా వకీలు కోర్టులో మోకాలే చదివాడట. మూడు నెలల్లో రోడ్డు పూర్తి చెయ్యమని ఆర్డరొచ్చింది. ఆ సాయంత్రం మరిది ఊరంతా బెల్లం జీళ్ళు పంచాడు. నాకు పళ్ళు లేవని తెలిసీ చేతిలో పెట్టి "ఆర్డరొదినా, నములు" అన్నాడు. జీడి కరిగింది. కంట్రాక్టరు కరగలేదు.

గడువు దాటాక హైవే అధికారులు అఫిడవిట్ వేశారు. "పనులు పురోగతిలో ఉన్నాయి" అని చదివి వినిపించాను.

"పురోగతంటే ఏటొదినా?"

"ముందుకెళ్ళడం."

"గోతులే ముందుకెల్తన్నాయి. బడి కాడున్నవి సావిడి కాడికొచ్చీసినాయి."

అప్పటికే అతని మూత్రపిండాలు దెబ్బతిన్నాయి. వారానికి మూడుసార్లు ఆ గోతుల్లోంచే ఆటో. కోర్టు గట్టిగా మందలిస్తే రెండు యంత్రాలొచ్చి, మూడు రోజులు చప్పుడు చేసి ఊరుకున్నాయి. మళ్ళీ గడువు, మళ్ళీ వాన నెపం. ఓ రోజు ఆటో దిగి నిలబడలేక మా అరుగు మీద కూలబడితే, "ఇంకా ఏం ఆశయ్యా నీకు?" అని కసిరాను.

"ఆశ కాదొదినా. వాయిదా ఉన్నాది కదా. అందాకా ఉండాల."

ప్రాణం నిలుపుకోడానికి మనుషులు దేవుణ్ణి పట్టుకుంటారు, బిడ్డల్ని పట్టుకుంటారు. ఇతను వాయిదాని పట్టుకున్నాడు. వాయిదాకి ఇంకో తొమ్మిది రోజులుండగా ఆ పట్టూ జారిపోయింది. వాన మొదలయ్యాక నేను చేసిందల్లా నోటుబుక్కులో "నడుము లోతు" అని రాయడం. పడవ తేలేకపోయాను, రోడ్డు వెయ్యలేకపోయాను. అక్షరాలు మాత్రం గుండ్రంగా వచ్చాయి.

శ్మశానానికి వెళ్ళే దారిలో ఒకచోట పాడె దించి, ఏ మూలో ప్రాణముంటే లేస్తాడని చెవిలో మూడుసార్లు పిలుస్తారు. దింపుడు కళ్ళం అంటాం. మా ఊరి దింపుడు కళ్ళం రోడ్డు వెడల్పులో పోయింది. ఇప్పుడక్కడ ఆ సగం కల్వర్టు ఉంది. దాని మీదే దించారు. ఆడవాళ్ళు రాకూడదన్నారు. నా వయసులో ఇంకేం రాకూడదో చెప్పమని, వెళ్ళాను.

కొడుకు "నానా" అని మూడుసార్లు పిలిచాడు. కదలిక లేదు. అప్పుడు నేను వంగాను.

"మరిదీ, రోడ్డైపోనాదయ్యా. లెగు."

ఇన్నేళ్ళలో అతనితో నేనాడిన అబద్ధం అదొక్కటే. నమ్మలేదు.

పాడె ఎత్తారు. ముందున్న ఇద్దరూ నీళ్ళలోకి దిగారు, వెనకున్న ఇద్దరూ ఇంకా సిమెంటు మీదే ఉన్నారు. పాడె ఏటవాలుగా ఆగిపోయింది. అడుగున కాలికి నేల తగలడం లేదు కాబోలు, ముందువాళ్ళు వెతుక్కుంటున్నారు. "సూసి దిగండ్రా, సూసి" అని వెనక నుంచి ఎవరో అంటూనే ఉన్నారు.