ఊయలకు కట్టిన నీలం వల

మా మనవరాలు పుట్టిన నెలలోపే ఊరినుంచి మూట వచ్చింది. ఊరంటే శ్రీకాకుళం వైపు సముద్రాన్ని ఆనుకుని ఉన్న మా అత్తవారి పల్లె. మేం జంషెడ్‌పూర్‌లో స్థిరపడి రెండు తరాలైనా, ఇంట్లో ఎవరైనా బాలింత అయితే అక్కడినుంచి రెండు వస్తువులు రావాల్సిందే. పాలు పడటానికి ఎండుచేపలు, బిడ్డకు గాలి సోకకుండా ఊయలకు కట్టడానికి పాత వల ముక్క. సముద్రం చూసివచ్చిన వలను దాటి ఏ చెడుగాలీ లోపలికి రాదని మావాళ్ళ నమ్మకం. నేను బారిడీహ్‌లోని ఒక బడిలో సైన్సు టీచర్ని. అయినా ఈ నమ్మకాన్ని ఎన్నడూ కాదనలేదు. చూడ్డానికి బాగుంటుంది, ఇంట్లో పెద్దావిడ, మా అత్తగారి మనసు కుదుటపడుతుంది, ఎవరికీ నష్టం లేదు అనుకునేదాన్ని.

మూట విప్పగానే భుయ్యాడీహ్‌లోని మా సందు మొత్తానికీ సంగతి తెలిసిపోయింది. పైవాటా వాళ్ళు కిటికీలు మూసుకున్నారు. మా అత్తగారు మాత్రం మంచం మీదనుంచే ముక్కుతో లెక్కగట్టేసింది.

"నెత్తళ్ళు కూడా ఏసినారు. పాలసొర ఎక్కువేసినారో లేదో సూడే" అంది.

ఆవిడకు చూపు ఆనదు. వాసన మాత్రం ఎక్కడినుంచైనా పట్టేస్తుంది. పాలసొర బాలింతలకు పెట్టే చిన్న సొరచేప. ఎండబెట్టిన ముక్కలు ఉడికించి, ముళ్ళు తీసి, పొడిపొడిగా పిట్టు చేసి పెడితే పాలు పొంగుతాయని అంటారు. నేనూ తిన్నాను, నాకూ పొంగాయి. ఇప్పుడు నా కూతురికి పాలు చాలడం లేదు. పసిది కాసేపు చీకి, వదిలేసి, మళ్ళీ పెదాలతో వెతుక్కుంటూ ఏడుస్తుంది. ఆ ఏడుపు వింటే నాకు చేతులాడవు. అందుకే ఆ మూటను కళ్ళకద్దుకున్నంత పని చేశాను.

వలను పొద్దున్నే ఊయలకు కట్టేశాం. ముందు నెత్తళ్ళనే ఆ వేలెడేసి చిరుచేపల్ని వేణ్ణీళ్ళలో నానబెట్టాను. మామూలుగా తల, పొట్ట గిల్లేస్తాం. బాలింతకు వండేటప్పుడు మాత్రం పొట్ట తియ్యకూడదట, సారమంతా అందులోనే ఉంటుందట. నాకు శుభ్రం పిచ్చి. అత్తగారికి తెలియకుండా ఒక్కొక్కటే గిల్లుతూ కూర్చున్నాను. ఒక చేప పొట్టలోంచి నల్లటి ముద్దతో పాటు సన్నటి దారప్పోగు వచ్చింది. నీలం రంగు. వేలికి అంటుకుని ఎంత కడిగినా పోలేదు.

నా పమిట దారమేమో అనుకున్నాను. పమిట ఎరుపు. మరో చేప గిల్లాను, ఏమీ లేదు. ఇంకోదాంట్లో మళ్ళీ పోగు, ఈసారి తెల్లది. బడిలో ఆకుల ఈనెలు చూపించే భూతద్దం నా చేతిసంచిలోనే ఉంటుంది. దాన్ని తెచ్చి కిటికీ వెలుగులో పట్టుకున్నాను. పొట్టలోని ఆ మసిలాంటి దాంట్లో ఇసుక రేణువుల పక్కన ఇసుక కానివి కనిపించాయి. ఇసుక మెరుస్తుంది. అవి మెరవకుండా, అంచులు చిరిగి, రంగు వెలిసి ఉన్నాయి. కంటికి కనిపించేవే ఇన్ని ఉంటే కనిపించనివి ఎన్నో.

ఏటేటా నేను పిల్లలకు నల్లబల్ల మీద బాణాలు గీసి చెప్పే పాఠమే ఇది. నీటిలో తేలే నలుసంత ప్రాణుల్ని చిరుచేప తింటుంది, చిరుచేపను పెద్దచేప తింటుంది, దాన్ని సొర తింటుంది. సముద్రంలో చేరిన ప్లాస్టిక్ సంచి, సీసా, తాడు ఎండకీ కెరటానికీ నలిగి నలుసులవుతాయి. నలుసును తినే ప్రాణికి ఏది ఆహారమో ఏది కాదో తెలియదు. కడుపు నిండుతుంది, ఒంటికి పట్టదు. అది బలహీనపడి పిల్లల్ని తక్కువ పెడితే, దాన్ని తిని బతికే చేప పలచబడుతుంది. పైన తేలినవి పైవాటికి, మునిగినవి అడుగున బురదలో పాకే పీతలకూ గుల్లలకూ చేరతాయి. ఇదంతా బట్టీ పట్టినట్టు చెప్పి గంట కొట్టగానే డస్టర్‌తో తుడిచేసేదాన్ని. సొర దగ్గర బాణం ఆపేసేదాన్ని. ఆ రోజు వంటింట్లో నిలబడితే బాణం ముందుకెళ్ళింది. సొర తర్వాత నా కూతురు. నా కూతురి తర్వాత ఊయలలో ఉన్నది.

పల్లెలో ఉన్న మరిదికి ఫోన్ చేశాను. మా ఆయన పినతండ్రి కొడుకు, ఇప్పటికీ వేటకెళ్తాడు. పోగుల సంగతి చెప్పగానే నవ్వాడు.

"ఎండబెట్టినదీ వలమీదే గదా వదినా, దాని పోగులై ఉంటాయి."

"పొట్టలోపల ఉన్నాయయ్యా."

అతను గొంతు తగ్గించి అన్నాడు: "వల లాగితే సేపలకంటే కవర్లే ఎక్కువొత్తన్నాయి. మొన్నొక పెద్ద సేప కోత్తే కడుపు నిండుగుంది, ఒళ్ళేమో బక్కసిక్కిపోనాది. లోపల సూత్తే గడ్డకట్టిన దారాలు. మాయి తెగిపోయిన వలలే అయ్యుంటాయి. మీ వైపునుంచీ వత్తాయి వదినా. కార్తీకమొచ్చీసరికి నీరు ఉత్తరంనుంచి ఇటు లాగుతాది."

మీ వైపు అన్నమాట గుచ్చుకుంది. ఫోన్ పెట్టేసి డాబా ఎక్కాను. మా డాబా మీదనుంచి సువర్ణరేఖ కనిపిస్తుంది. వరద తీసిన ఒడ్డున పొదలకు కవర్లు చిక్కుకుని, దూరానికి తెల్లపూలు పూసినట్టున్నాయి. నది దాటించే మాంగో వంతెన మీద ఆటో నెమ్మదించినప్పుడల్లా ఎవరో ఒకరు పూజ పూలు కట్టిన కవరును నదికి దండం పెట్టి మరీ విసురుతారు. మా ఇంట్లోనూ అంతే. పూలు తొక్కుడు పడకూడదని అంత జాగ్రత్త, కవరు సంగతి ఎవరికీ పట్టదు. ఈ నది బంగాళాఖాతంలో కలుస్తుందని నాకు తెలియక కాదు, దాన్ని పటంలో పిల్లల చేత గీయించేదాన్నే. ఎన్నడూ భయం వెయ్యలేదు. ఆ రోజు డాబా మీద ఎండలో నిలబడితే వేసింది.

కిందికి దిగి చేపలన్నీ కట్టేసి మూలన పెట్టాను. వండనని చెప్పాను. ఇల్లు భగ్గుమంది. ఉక్కు కార్ఖానాలో క్రేన్ నడిపి రిటైరైన మా ఆయన, "ఇన్నేళ్ళూ ఇనప్పొడి మింగినోళ్ళం, దారప్పోగుకి సచ్చిపోతామేటి?" అని నవ్వాడు. కూతురు నీరసంగా గోడకు ఆనుకుని, "మమ్మీ, పానీ మే భీ హై, నమక్ మే భీ హై. క్యా ఖావూఁ ఫిర్?" అంది. నీళ్ళలోనూ ఉంది, ఉప్పులోనూ ఉంది, మరేం తినమంటావు అని. నేను తిరిగి దానిమీదే కోప్పడ్డాను.

అప్పుడే పసిది లేచి ఏడ్చింది. ఎత్తుకుందామని ఊయల మీదికి వంగాను. పిడికిలి బిగించి నోట్లో కుక్కుకుంటోంది. పిడికిలి విప్పాను. చెమటకు తడిసిన ఆ చిన్న అరచేతిలో నీలం పోగు ఉంది. పెదవి చివర ఇంకోటి అంటుకుని ఉంది.

తలెత్తి చూశాను. ఊయల తాడుకు మేమే కట్టిన నీలం వల. ఎన్నేళ్ళు ఎండకు ఎండి, ఉప్పులో నానిందో, వేలితో రుద్దితే పొట్టు రాలుతోంది. పైన ఫ్యాను తిరుగుతోంది. పగలంతా దాని కింద పడుకోబెట్టింది మేమే. చేపకు జరిగినట్టే ఈ పసిదానికీ జరిగింది. సముద్రం దాకా వెళ్ళాల్సిన పని కూడా లేకపోయింది. కేక పెట్టానట, నాకు గుర్తు లేదు. తడిగుడ్డతో దాని పెదాలు, చిగుళ్ళు తుడుస్తూనే ఉన్నానట. మింగినవి ఎన్నో ఎవరు చెప్తారు?

వల తెంపుతుంటే అత్తగారు మంచం దిగి తడుముకుంటూ వచ్చింది.

"పురిటిబిడ్డకి కట్టిన వల తెంపుతావేటే? గాలి సోకితే నువ్వు సూత్తావేటి?"

"ఇది రాలిపోతోంది అత్తా. పిల్ల నోట్లోకి ఎళ్ళిపోతోంది. పట్టుకుని సూడు."

ఆవిడ వేళ్ళతో తడిమింది. చూపు లేని మనిషి వేళ్ళకే అంతా తెలుస్తుంది. పొట్టు చేతికి అంటుకుంటే వాసన చూసింది. మెల్లగా ఊయల పక్కన కూలబడింది.

"ఇది నూలు కాదే" అంది. "మా అమ్మ కట్టింది నూలువల. సింతగింజల గంజి పెట్టి గట్టిగా సేసీవోళ్ళు. సిరిగితే మట్టిలో కలిసిపోయీది. ఇదేటి, సావనే సావదు."

వల తెంపాను సరే, ఎక్కడ పారెయ్యాలి? చెత్తబండికిస్తే ఏ గుట్టకో చేరి వానకు నదిలోకి పోతుంది. కాలిస్తే ఆ పొగ పసిదానికే. వాకిట్లో పాతితే ఎన్నాళ్ళకో పైకి వస్తుంది. చేతిలో పట్టుకుని వంటింట్లోకీ వాకిట్లోకీ తిరిగాను. ఆఖరికి ఆవకాయ గాజుసీసా ఖాళీ చేసి, వలను కుక్కి, మూత బిగించి అటక మీద పెట్టాను. ఈ రోజుకీ అక్కడే ఉంది. దులపడానికి ఎక్కినప్పుడల్లా ఆ నీలం అలాగే ఉంటుంది, రవ్వంత కూడా తగ్గదు.

సాయంత్రానికి ఏడుపు ఆగక నేనే ఓడిపోయాను. సొర ముక్కల్ని కడిగి, మళ్ళీ కడిగి, పిట్టు చేశాను. కడిగితే పోయేవి కావని తెలిసే కడిగాను. కూతురు తింది. కాస్త ఆగి పసిదాన్ని ఒళ్ళోకి తీసుకుంది. అత్తగారు వల లేని ఊయల తాడు పట్టుకుని కూర్చుని చెవొగ్గింది.

"నా భయానికి వలుండీది" అంది నావైపు తిరిగి. "కట్టుకుని నిద్రపోయీవోళ్ళం. నీ భయానికేటి కడతావే?"

గదిలో పసిదాని గుటకలు వినిపించాయి. చాలా రోజుల తర్వాత గట్టిగా, ఆగకుండా తాగుతోంది. అత్తగారి ముఖం విచ్చుకుంది. నేను మాత్రం ఆ చప్పుడు వినలేక, ఆపమని చెప్పలేక, గుమ్మం పట్టుకుని నిలబడిపోయాను.