బురదలో పాతిన రీలు

హార్లింగెన్ రేవు వదిలి గంట దాటింది. వ్లీలాండ్ దీవికి పోయే పడవ పైఅంతస్తులో, గాలికి కాలరు ఎత్తుకుని నిలబడ్డ యెల్మర్‌కు ఎదుటి బెంచీ మీద ఫెన్నా డైక్‌స్త్రా కనిపించింది. ముప్పై ఏళ్ల తర్వాత. మనిషి వంగిపోయింది గాని చూపు మారలేదు. అతని కడుపులో పాత మంట ఒక్కసారిగా రాజుకుంది.

రాజుకోదూ మరి? గ్రోనింగెన్‌లో ఒక పాడుబడిన బడిలో ఇద్దరూ ఒకే గదిలో బొమ్మలు వేసినవాళ్లు. తర్వాత ఫెన్నా కుంచె పారేసి కెమెరా పట్టింది. కొన్నాళ్లకు కెమెరా కూడా పారేసి, ఉత్త ఫిల్ము మీద సూదితో గీసింది, ఉప్పు రుద్దింది, ఉల్లిపొట్టు రసంలో నానబెట్టింది. ఆ సినిమాలకు జనం కుర్చీలు చప్పుడు చేస్తూ లేచిపోయేవారు. మిగిలిన అయిదారుగురిలో ఇద్దరు నిద్రపోయేవారు. ఇరవై ఏళ్లు అదే వరస. ఇప్పుడేమో రోటర్‌డామ్‌లో ఒక మ్యూజియం ఫెన్నా రీళ్లకు ఆరు గదులిచ్చింది. యెల్మర్ లేవార్డెన్‌లో పిల్లలకు ముప్పై నాలుగేళ్లు బొమ్మల పాఠం చెప్పి, రిటైరై ఇంటికొచ్చాడు. అరిషడ్వర్గంలో మాత్సర్యాన్ని ఆఖరున వేసినవాడెవడో గాని, తనతో కలిసి బయలుదేరినవాళ్లు ముందుకు పోవడం ఎన్నడూ చూసి ఉండడు.

“ఏమోయ్, పలకరిస్తావా, సముద్రాన్నే చూస్తావా?” అంటూ ఫెన్నా ఉప్పు అతిమధురం బిళ్ల ఒకటి అందించబోయింది.

అతను తీసుకోలేదు. “గొప్పవారయ్యారు కదా, గుర్తుపడతారో లేదోనని.”

“అబ్బో, మన్ననలు కూడానా! దెప్పడం మాత్రం మర్చిపోలేదు.”

ఇక ఆగలేకపోయాడు. “నీకు పేరు తెచ్చిందేమిటి? ఈ సముద్రపు బురదలో పాతిన రీలు. పాతుదామన్నదెవరు? నేను. ఆ మాట ఎక్కడైనా చెప్పావా?”

“లేదు. నువ్వే అన్నావు, నిజమే. పార కూడా నువ్వే తెచ్చావు. మరి నా రీలు పక్కనే పాతిన నీ రీలేమైంది?”

యెల్మర్ చూపు సముద్రం మీదికి తిప్పాడు.

“మర్నాడే తవ్వుకొచ్చావు. పంపు కింద పెట్టి అద్దంలా కడిగావు. మా అమ్మ గిన్నెలు కూడా అంత శ్రద్ధగా తోమేది కాదు.”

“పాడైపోతుందేమోనని భయపడ్డానే!”

“పాడవ్వాలనే కదటోయ్ పాతింది!”

ఆవిడ రీలు నలభై రోజులు బురదలోనే ఉంది. ఆటుకు సముద్రం నీరు తీసినప్పుడల్లా దీక్ష పట్టినట్టు నడిచి వెళ్లి, ముట్టుకోకుండా చూసి వచ్చేది. యెల్మర్‌కు అదీ తెలుసు.

ఫెన్నా సంచిలోంచి ప్రదర్శన పుస్తకం అచ్చుప్రతి తీసి, ఆ రీలు ఉన్న పేజీ తిప్పి పెన్సిలు అందించింది. “దిద్దడానికి ఇవాళ ఆఖరి రోజు. నీకేం కావాలో రాసుకో.”

‘ఆలోచన: యెల్మర్ పోస్ట్‌మా.’ రీలు పాతినప్పటి నుంచి, యాభై ఏళ్లుగా నోట్లో నానుతున్న మూడు మాటలు. చెయ్యి కదల్లేదు. చదివేవాళ్లకు ఆ పంపు సంగతి తెలియదు. తనకు తెలుసు.

“చెప్పు, ఏమని రాయాలి?” పెన్సిలు ఆవిడే లాక్కుంది. అతను గొణిగాడు. ఆ మూడు మాటలూ చకచకా రాసి పుస్తకం మూసింది. “ఇంతేనా? ఎప్పుడో అడగకపోయావా!”

ఇన్నేళ్లు కాచుకున్న కోరిక తీరింది గాని యెల్మర్‌కు సంతోషం రాలేదు. ఇలా ఇచ్చెయ్యడం కూడా ఆవిడకే చేతనయిందే అని మంట ఇంకాస్త పెరిగింది. ఏదో ఒకటి అనాలని నోరు తెరిచేలోగా పడవ రేవుకు ఆనుకుంది. ఫెన్నా సంచి భుజాన వేసుకుని, రబ్బరు బూట్లు ఈడ్చుకుంటూ దిగింది. ఊరివైపు పోయే జనాన్ని వదిలి, నీరు తీసిన తీరం వైపు నడిచింది. వెళ్లొస్తానని కూడా అనలేదు.