ముహూర్తానికి ఎక్కించిన పాత కాపీ

మా చెల్లెలు హారతి చేసే పని ఏమిటో మా ఇంట్లో ఎవరికీ సరిగా చెప్పడం రాలేదు. మా నేతవాళ్లుండే లింబాయత్ గల్లీలో ఎవరైనా అడిగితే అమ్మ "కంప్యూటర్ల దొంగలు జొరకుండ చూస్తది" అనేది. అంతకంటే బాగా నేనూ చెప్పలేను.

ఆమె ఆఫీసు యజమాని శ్యాంసుందర్ మావాడే. వాళ్ల నాన్న, మా నాన్న సోమలింగం ఒకే షెడ్డులో మగ్గాలు నడిపారు. చీరల వ్యాపారులు డిజైన్లు పంపి ఆర్డర్లు పెట్టుకునే వెబ్‌సైట్ ఆయనది. డిజైన్ బొమ్మ పెట్టాల్సిన చోట ఏ ఫైలు పెట్టినా అది తీసుకుంటోందని హారతి కనిపెట్టింది. బొమ్మకు బదులు ప్రోగ్రాం పంపితే, ఎక్కడో కూర్చున్నవాడు చెప్పినట్టల్లా ఆ సర్వర్ ఆడుతుంది. శ్యాంసుందర్‌ను నమ్మించడానికి చిలకల బార్డర్ పేరుతో ఒక చిన్న ప్రోగ్రాం పంపింది. తెర మీద "హారతి వచ్చింది" అని పడింది.

శ్యాంసుందర్ నవ్వాడు. "మంచిగున్నది బేటా. గని దీపావళి సీజన్ల నడిచే మిషన్‌ను ముట్టుకోవద్దు. అయినంక చూద్దాం."

దీపావళికి మార్కెట్లు మూతపడ్డాయి. అవి మళ్లీ తెరుచుకునేది ఇక్కడి వ్యాపారులకు కొత్త ఏడాది మొదలయ్యే లాభ్‌పాంచమ్ నాడు. దానికి ముందురోజు హారతి సైట్ తెరిచి చూస్తే ఆర్డర్లు లేవు, డిజైన్లు లేవు, డబ్బు పంపమని ఒక బెదిరింపు మాత్రం ఉంది. నా స్కూటర్ మీదే ఆఫీసుకు తీసుకెళ్లాను.

"గాబరా గాకు," అన్నాడు శ్యాంసుందర్. "పండుగకు ముందు తీసిన కాపీ ఉన్నది గదా? అదే ఎక్కియ్."

"అన్నా, వాని ఫైలు ఆ కాపీలనే ఉన్నది. వాడు అప్పటికే లోపలున్నడు. అది ఎక్కిస్తే వాన్ని మళ్ల మనమే తెచ్చుకున్నట్టు. కొత్త సర్వర్ మీద మొదటి నుంచి కట్టాలె. జర టైమియ్యి."

"రేపు పొద్దుగాల ముహూర్తం! వ్యాపారులు మిఠాయి పేడాలు పట్టుకొని వస్తరు. మొదటి సౌదా పడకపోతె సాల్ అంతా అపశకునమంటరు."

"రేపటికి కాగితం మీద రాసుకోండ్రి."

"ఆన్‌లైన్ కంపెనీ పెట్టి కాగితమా? నవ్వులాటనా? మీ నాయిన గూడ గింతే. నడిచే మిషన్ ఆపి పోగులు చూస్కుంట కూసునేటోడు."

హారతి చేయనంది. ప్రణయ్ అనే తోటి ఉద్యోగి పాత కాపీ ఎక్కించాడు. మర్నాడు కంప్యూటర్‌కు కుంకుమతో స్వస్తిక్ పెట్టారు, కొబ్బరికాయ కొట్టారు. మొదటి ఆర్డర్ పడగానే చప్పట్లు. అందరితో పాటు ఆమె చేతిలోనూ ఒక పేడా పెట్టారు. ఇంటికి వచ్చాక కూడా అది చేతిలోనే ఉంది, మెత్తబడిపోయి.

వారం తిరగకముందే అంతా మళ్లీ పోయింది. అదే సర్వర్‌కు తగిలించి ఉన్న కాపీలూ ఈసారి పోయాయి. వ్యాపారులు ఇంకా మార్కెట్లో పెట్టని డిజైన్లు వేరేవాళ్ల మగ్గాల మీద కనిపించాయి. లోపలివాళ్ల పనే అన్నారు వ్యాపారులు, హారతి పేరు ఎత్తి.

"మళ్ల పోతదని ముందే చెప్పిందట. ఎట్ల తెల్సు ఆమెకు? ఒకపారి జొచ్చి చూపిచ్చింది గూడ గదా!"

శ్యాంసుందర్ అవునని అనలేదు, కాదనీ అనలేదు. ఆయనకు వ్యాపారులు కావాలి. హారతిని రావద్దన్నాడు.

చీరల మార్కెట్లున్న రింగ్ రోడ్డు చుట్టూ ఉన్న ఆఫీసుల్లో ఆమె పేరు చెప్పగానే ఎదుటివాళ్ల ముఖం మారేది. ఒకచోట కుర్చీలో కూర్చోబెట్టి, మంచినీళ్లు ఇచ్చి, కంప్యూటర్ ఉన్న గది తలుపు మూసి వచ్చి మాట్లాడారు. ఆ తరువాత ఆమె ఇక ఎక్కడికీ వెళ్లలేదు. అమ్మ పక్కన కూర్చుని చీరల వెనక వేలాడే దారాలు కత్తిరించేది. పండుగ గిరాకీ తగ్గి ఉద్యోగం పోయిందని అమ్మకు చెప్పాం. మిగతాది చెప్పవద్దని హారతి మా చేత ఒట్టు వేయించుకుంది.

ఖాడీ కాలువ మురికినీళ్లు గల్లీలోకి వచ్చిన వానాకాలంలో ఆమెకు జ్వరం పట్టుకుంది. కళ్లు పచ్చబడ్డాయి. ఆసుపత్రికి చేర్చేసరికే ఆలస్యమైందన్నారు. హారతి దక్కలేదు.

పరామర్శకు వచ్చిన ఆడవాళ్లలో ఒకామె అమ్మ చెయ్యి పట్టుకుంది.

"శ్యాంసుందర్ సేఠ్ వెబ్‌సైట్... ఆ పిల్లనేనా?"

అమ్మ కొంగుతో ముఖం తుడుచుకుని గర్వంగా తలెత్తింది.

"అవ్ బిడ్డా, మా హారతినే. అంతా తనే చేసింది," అంది.