రాజు ఒక్కడే మిగిలిన సినిమా

కోదాడ నుంచి సూర్యాపేటకు బదిలీ అయ్యాక మేడ మీద ఒక గది కిరాయికి తీసుకున్నాను. మా ఆయన పోయి అప్పటికి ఏడాది కూడా కాలేదు. కాలేజీలో పాఠం చెప్పి వస్తే మళ్లీ మరుసటి పొద్దున దాకా నోరు తెరిచే పనే ఉండేది కాదు.

కింద ఇంటి ఓనరు వాళ్లమ్మ ఉండేది. ఎనభై దాటిన మనిషి, చెవులు పూర్తిగా పోయాయి. అరిచినా వినబడదు కాబట్టి కొడుకూ కోడలూ కంచం ముందు పెట్టి సైగ చేసి వెళ్లిపోయేవారు. టీవీ ముందు కూర్చునేది గానీ, ఎవరెందుకు ఏడుస్తున్నారో తెలియక కాసేపటికి తల తిప్పుకునేది.

ఒక ఆదివారం ఆమెను పైకి పిలిచి, ఫోన్‌లో దొరికిన ఒక మూకీ సినిమా చూపించాను. సినిమాకు ఇంకా మాటలు రాని రోజుల్లో తీసిన చిన్న కథ. క్రూరుడైన రాజు, ధాన్యం ఇవ్వలేని ముసలివాణ్ని మెట్ల మీంచి తోయిస్తాడు. జనం కోట మీదికి వస్తారు. భటులు ఒక్కొక్కరే ఈటెలు కింద పెట్టి జారుకుంటారు. చివరికి ఖాళీ సభలో రాజు ఒక్కడే, కిరీటం ఒళ్లో పెట్టుకుని.

ఆమె కొంగుతో ఫోన్ తుడిచి మళ్లీ పెట్టమంది. రెండోసారి చూశాక, "మా ఇంటాయన గిట్లనే ఉంటుండె," అంది. "ఆయన సెప్పుల సప్పుడైతే పిల్లలు మంచాల కింద దూరేటోళ్లు. కాలు చెయ్యి పడిపోయినంక ఒక్కలు రాలే. నేనే బువ్వ తినిపిచ్చిన."

కోపం రాలేదా అన్నట్టు చేయి తిప్పాను.

"వచ్చింది బిడ్డా. తినిపిచ్చుకుంటనే తిట్టిన. అప్పటికి ఆయనకు మాట లేదు, కండ్లల్ల నీళ్లు కారుతుండె. గప్పటికి నాకు సెవులు ఇనబడుతుండె. పోయినంక ఇల్లంత సప్పుడు లేకుండ అయింది. ఆయన తిట్లన్న ఉంటే బాగుండు అనిపించింది. గిది ఎవ్వలకు సెప్పలే."

మా ఆయన మంచివాడు, గొంతు పెంచి ఎరగడు. అయినా ఆమె చెప్పిన నిశ్శబ్దమే నా గదిలోనూ ఉంది. ఆమె నా ముఖంలోకి చూసి, "నీకు సుత గంతేనా," అంది. చాలాకాలానికి ఇంకొకరి ముందు ఏడ్చాను.

ఆ తర్వాత ఆదివారాలు తనే గోడ పట్టుకుని పైకి వచ్చేది.

ఈ ఏడు నన్ను మిర్యాలగూడకు వేశారు. కోడలు అప్పుడప్పుడు వీడియో కాల్ చేసి ఫోన్ ఆమె చేతికిస్తుంది. "తిన్నవా బిడ్డా," అంటుంది. తల ఊపుతాను. తర్వాత ఇద్దరం ఊరికే ఒకరినొకరు చూసుకుంటాం. కాల్ కట్ చేయడం ఆమెకు తెలియదు. నాకు చేయబుద్ధి కాదు.