విరగ్గొట్టిన పాలు

సిద్దమ్మ బతికున్నన్నాళ్లూ పొయ్యి మీద పాలుంటే పక్కనుంచి కదిలేది కాదు. భర్త పుల్లయ్య లారీ బోల్తాపడి పోయిన పొద్దున ఆ ఇంట్లో పాలు విరిగాయి. అప్పట్నుంచీ ఆమెకు ఆ భయం.

ఆ వేసవిలో కోడలు నాగజ్యోతికి ఏడో నెల. అన్నం వాసన పడటం లేదు. ఫోన్‌లో వంట వీడియో చూసి, కర్బూజ ముక్కల్లో పనీర్ కలుపుకుని తినాలని ఆశపడింది. కమలాపురంలో కొన్న పనీరేమో ఎండకు పులిసిపోయింది.

"పాలల్లో నిమ్మకాయ పిండి మనమే ఇరగ్గొడదాం అత్తా. ఫోన్లో ఆమె నవ్వుకుంటానే ఇరగ్గొడ్తాండాది."

"ఆమె మొగుడు శ్రీశైలం ఘాట్లో లారీ తోల్తాండాడా?" అంది సిద్దమ్మ.

కొడుకు వంశీ పొద్దున్నే లారీ తోలుకుని ఆ దారిన వెళ్లాడు. అయినా కడుపుతో ఉన్న పిల్ల నోరు తెరిచి అడిగితే కాదనలేకపోయింది. కళ్లు మూసుకుని నిమ్మకాయ పిండింది. గుడ్డలో వడగట్టి, బరువు పెట్టి, ముక్కలు కోసి కర్బూజలో కలిపింది. పుదీనా, ఉప్పు, మిరియాలపొడి చల్లింది.

నాగజ్యోతి ఇష్టంగా తింటుంటే సిద్దమ్మ వంశీకి ఫోన్ చేసింది. కలవలేదు. మళ్లీ చేసింది.

"అడివిలో సిగ్నల్ యాడుంటాది? నువ్వూ తిను అత్తా."

ఆమె గిన్నె ముట్టలేదు. పొద్దువాలాక ఫోన్ మోగింది.

"ఘాట్ దిగినా అమ్మా. ఏం చేస్తాండావు?"

"నీకు తీసిపెట్టినా, నిదానంగా రా" అంది సిద్దమ్మ.

వంశీ ఇల్లు చేరి తిన్నాకే తనూ ఒక ముక్క నోట్లో వేసుకుంది. బాగుందని ఒప్పుకుంది. మళ్లీ మాత్రం ఆ పొయ్యి మీద పాలు విరగ్గొట్టనివ్వలేదు.