ఎద్దు వెనక పెండ్లికొడుకు

చిన్న మంగళారంలో గిద్యోను వడ్రంగి అని ఎవరూ చెప్పేవారు కాదు. "దూరం గీసేటోడు" అనేవారు. బండికి ఇరుసు చేయమంటే పొల్లు లేకుండా చేసిచ్చే మనిషే. కానీ చేతికి బొగ్గుముక్క దొరికిందా, ఇక బాడిశ ఎక్కడో, రంపం ఎక్కడో! మిషను బడిలో పని నేర్పిన సాముయేలు పంతులు అంటించిన తెగులది. ఆయనొకనాడు శిష్యుణ్ని బడి వరండా చివర నిలబెట్టి, "స్తంభాలన్నీ ఒకటే ఎత్తు గద, మరి ఆఖరుది పొట్టిగ ఎందుకున్నదిరా?" అని అడిగాడు. ఆనాటి నుంచి గిద్యోను దేన్నీ కుదురుగా చూడలేదు. ఒక కన్ను మూసి, బొటనవేలు చాచి, ఊరిని కొలుస్తూ తిరిగేవాడు. నీళ్లకు పోయే ఆడవాళ్లు తమనే చూస్తున్నాడని మొదట్లో తిట్టారు. పాపం, వాడు చూసేది వాళ్ల వెనకున్న గోడనని తెలిశాక ఇంకా ఎక్కువ తిట్టారు.

పంతొమ్మిది వందల ముప్పై ఎనిమిది ప్రాంతంలో మొయినాబాద్‌లో ప్రార్థన కూటాలు జరిగాయి. అక్కడ చేవెళ్ల నుంచి వచ్చిన పద్మమ్మ అనే పిల్ల పాట పాడుతూ మధ్యలో మాట మరిచిపోయింది. పక్కపిల్ల పెదవులు చూసి మళ్లీ అందుకుని, తనలో తనే నవ్వుకుంది. ఆ నవ్వు చూడటానికి మాత్రం గిద్యోను రెండు కళ్లూ తెరిచాడు. చేసుకుంటే ఈ పిల్లనే అని తల్లి మేరీతో చెప్పేశాడు.

పద్మమ్మకు అమ్మా నాన్నా లేరు. అమ్మమ్మ శాంతమ్మే పెంచింది. గిద్యోను మేనమామ అబ్రహాము వెళ్లి మాట కదిపితే ముసలామె, "ఇల్లు వాకిలి చూడంది నేను మాటియ్య. అంత దూరం బండ్ల కూసుండి వచ్చే పానం గాదు నాది. ఎట్ల మరి?" అన్నది.

ఈ మాట వినగానే గిద్యోను ఎగిరి గంతేశాడు. అవ్వ ఇంటికి రాలేకపోతే ఇల్లే అవ్వ దగ్గరికి పోతుంది! పెద్ద కాగితం తెప్పించి, దారం పట్టి గీతలు కొట్టి, ప్రాణమంతా పెట్టి బొమ్మ గీశాడు. ముందు వైపు, చేత్తో తాకొచ్చు అన్నట్టు, వాళ్ల తెల్ల ఎద్దు. దాని వెనక కొట్టం. ఆ వెనక వాకిలి. అన్నిటికీ వెనక దర్వాజలో చేతులు కట్టుకుని తాను, చిటికెనవేలంత. సాముయేలు పంతులు చూస్తే భుజం తట్టేవాడే.

అబ్రహాము ఆ బొమ్మను చంకన పెట్టుకుని నవ్వుతూ వెళ్లాడు, ముఖం వేలాడేసుకుని వచ్చాడు.

"పిల్లనియ్యదంట."

"ఎందుకు మామా?"

"ఇంట్ల ఎద్దే పెద్దమనిషి ఉన్నట్టున్నది, పెండ్లికొడుకు దాని జీతగాడా అన్నది."

ఆలోచిస్తే గిద్యోనుకు సంగతి తెలిసింది. శాంతమ్మ చూసిన బొమ్మలన్నీ పటం కథలవాళ్లు ఊళ్లో గుడ్డ విప్పి చూపించినవే. వాటిలో దొర తాటిచెట్టంత ఉంటాడు, కొలువు చేసేవాడు ఆయన మోకాలి దగ్గర నలుసంత. దూరం లేదు, దగ్గర లేదు. ఎవరు గొప్పో వాళ్లు పెద్ద. అంతే లెక్క.

పెండ్లికొడుకు తానే మాట్లాడటానికి పోవడం ఎక్కడా లేదు. గిద్యోను పోయాడు. శాంతమ్మ గడప మీద కూర్చుని ఉంది. లోపల పద్మమ్మ బియ్యం చెరుగుతున్న చప్పుడు, వీడి గొంతు వినగానే ఆగిపోయింది.

"అవ్వా, ఒక కన్ను మూసి బొటనవేలు అడ్డం పెట్టు. గా తాటిచెట్టు కనవడుతున్నదా?"

"లేదు."

"అంటే తాటిచెట్టు నీ వేలు కన్న చిన్నదా?"

"పిచ్చి గిట్ల లేసిందా పిలగా నీకు? దూరమున్నది చిన్నగ కనవడుతదని నువ్వు చెప్పాల్నా నాకు? నీ కన్న ముందుగాల పుట్టిన కండ్లు ఇవి. గాని, ఎవరిని ముందల పెట్టాల్నో, ఎవరిని ఎన్కకు నూకాల్నో గీసేటోని చేతులనే ఉంటది గద. ఎద్దును ముందల పెట్టినవు. నువ్వు ఎన్కకు పోయినవు. మంచిదే. నా పిల్ల ఏడున్నది?"

గిద్యోను తాటిచెట్టు వైపు చాచిన చేయి దించేశాడు.

"మా ముసలాయన సచ్చేదాంక దొర కాడ జీతమున్నడు. చిన్నగుండుడంటే ఎట్లుంటదో నాకెరుక. దీనికి గా బతుకు వద్దు, పోయి రా."

తిరుగు దారిలో వాడు దేన్నీ కొలవలేదు. ఎద్దు కొమ్ములు బాగా కుదిరాయని మురిసిపోయిన చేతిని చూసుకుంటే సిగ్గేసింది. పెండ్లి కోసం గీసిన బొమ్మలో పెండ్లాం ఊసే లేదు.

ఇంటికొచ్చి నేరుగా వంటింట్లోకి నడిచాడు.

"అమ్మా, జర లే. నేను కూసుంట."

మేరీ లేచింది. గిద్యోను పొయ్యి ముందు ఆమె చోట కూర్చుని తలెత్తాడు. ఎదురుగా మసిబారిన గోడ. ఇంకేమీ లేదు.

"రోజు నీకేం కనవడుతదమ్మా ఈడ కెళ్లి?"

"గోడ కనవడుతది. ఇంకేం కనవడాలె?"

ఊరంతటికీ వేలు పెట్టి చూసిన మొనగాడు, కన్నతల్లి కూర్చునే చోట ఒక్కసారీ కూర్చోలేదు. తెల్లారి గడ్డపార తీసుకుని ఆ మట్టిగోడకు బొక్క కొట్టాడు. ఇల్లు కూలగొడుతున్నాడని మేరీ నెత్తీ నోరూ కొట్టుకుంది. వేపచెక్కతో చట్రం బిగించి ఊచలు దిగేశాక, ఊరి బయటి బండ్ల బాట కనిపించింది. మేరీ తిట్టడం మానేసి దాన్నే చూస్తూ కూర్చుంది. ఆ పూట అన్నం మాడిపోయింది.

గిద్యోను అక్కడే, పొయ్యి ముందే కూర్చుని మరో బొమ్మ గీసి, చేవెళ్లకు తానే తీసుకుపోయాడు.

శాంతమ్మ కాగితాన్ని ఒళ్లో పెట్టుకుని చాలాసేపు చూసింది. ముందు పెద్దగా అన్నం కుండ. దాని మీదుగా కిటికీ. కిటికీలోంచి, పోనుపోను సన్నబడుతూ బాట.

"నువ్వేడున్నవు?"

"నేను పొయ్యిలకు పుల్లలు తేనీకి పోయిన అవ్వా."

లోపల ఎవరో కిసుక్కున నవ్వారు.

"నా పిల్ల?"

"ఆమె కనవడది. ఆమె కండ్లతోనే గద మనం చూస్తున్నం."

 ముసలామె వేలిని కుండ దగ్గర నుంచి కిటికీ దాటించి, బాట వెంబడి మెల్లగా నడిపించింది. బాట చివర వేలు ఆగింది.

"గీ సుక్కేంది?"

"నువ్వే అవ్వా. మీ గడప మీద."

"మంగళారం కెళ్లి చేవెళ్ల కనవడుతదారా?"

"కనవడది. గదొక్కటే అబద్ధం గీసిన. కిటికి మాత్రం నిజమే, గోడ పలగ్గొట్టి పెట్టిన. బాట ఇటే వస్తది."

శాంతమ్మ కళ్లు నిండాయి. బాట గీతలు, కిటికీ చట్రం గీతలు, పొయ్యి అంచు గీతలు, అన్నీ ఆ చుక్క దగ్గరికే పోతున్నాయి. బొమ్మలో అన్నిటికన్నా చిన్నది తానే. ఆ చిన్న చుక్క దిక్కే ఆమె పెంచిన పిల్ల రోజూ చూడబోతున్నది. ఆ సంగతిని ఈ పిచ్చివాడు ముందే లెక్కలోకి తీసుకున్నాడు.

"పద్మా, బయటికి రా బిడ్డా," అని పిలిచింది. పిల్ల వచ్చి నిలబడితే చేయి పట్టుకుని ఆ చుక్క మీద పెట్టించింది.

"పో బిడ్డా. పొద్దూకినంక పొయ్యి ఎలిగించి, జర గీ దిక్కు చూస్తుండు."