మూతి మీది ముద్ర

పంజాగుట్ట చీరల కొట్లకు కేటలాగు ఫొటోలు తీసి బతికినదాన్ని నేను. మొటిమ కనిపిస్తే చెరపడం, జాకెట్టు ముడత సాపు చేయడం, ఇన్నేళ్లుగా అదే పని. శనివారం సాయంత్రాలు మాత్రం నావి. అక్కడే ఒక హోటల్లో జాజ్ వాయించేవాళ్లు. కెమెరా పట్టుకుని ఓ మూల నిలబడేదాన్ని. ఏం చేస్తుంటారని ఎవరైనా అడిగితే జాజ్ ఫొటోలు తీస్తానని గొప్పగా చెప్పుకునేదాన్ని. చీరల సంగతి గుచ్చి గుచ్చి అడిగితేనే బయటికొచ్చేది.

అక్కడ ట్రంపెట్ ఊదే అన్న బోరబండ మనిషి. పెళ్లిళ్ల కాలంలో బరాత్ ఊరేగింపుల ముందు ఊదేవాడు, శనివారాలు హోటల్లో. నన్ను చెల్లె అని పిలిచేవాడు. మనిషి మెత్తన. గయ్యాళిని నేనే. ఎవరైనా లైటుకి అడ్డం నిలబడితే నేను అరిచేదాన్ని, ఆయన నవ్వేవాడు.

పోయిన వేసవిలో ఒక పొద్దున అమీర్‌పేటలో, మైత్రీవనం వెనక ఉన్న నా స్టూడియోకి వచ్చాడు. ముందు పళ్లు కదులుతున్నాయట. వచ్చే వారం తీసేస్తారట. ఆ తర్వాత ఊదడం కుదరదని డాక్టరు తేల్చేశాడట.

"పండ్లు పోయేలోపల ఒక్క ఫొటో తియ్యి చెల్లె. నేను ఊదెటోన్నని ఇంట్ల గోడ మీద ఉండాలె."

హోటల్లో నేను తీసినవన్నీ చీకట్లో నీడలు. నాకవి కళ, ఆయనకేమో వాటిలో మొహమే కనబడదు. ఆ రోజు గంటసేపు ఊదించాను. పక్క కోచింగ్ సెంటర్ వాళ్లు పాఠం జరుగుతోందని వస్తే, వాళ్ల మీద విరుచుకుపడి పంపేశాను. చివర్లో ట్రంపెట్ గుండెల మీదికి దించి నవ్వాడు. అదే బాగా వచ్చింది.

మధ్యాహ్నం కంప్యూటర్ ముందు కూర్చున్నాను. పెదవుల మీద గుండ్రంగా, నల్లగా కాయకాచిన మచ్చ. నా చెయ్యి దానంతటదే వెళ్లి చెరిపేసింది, మోడల్ మొహానికి చేసినట్టే. అసలు ఫొటో మీదే సేవ్ చేశాను. మర్నాటి చీరల పనికి కెమెరాలోని కార్డు కూడా ఖాళీ చేసేశాను.

నెల తర్వాత వచ్చాడు. పళ్లు పోయినా ట్రంపెట్ పెట్టె చంకనే ఉంది. ఫ్రేము కట్టించిన ఫొటో చేతికిచ్చి, మెచ్చుకుంటాడని కాచుకుని కూర్చున్నాను. చాలాసేపు చూశాడు.

"మంచిగున్నది చెల్లె. గని గీ మూతి నాది గాదు."

నవ్వబోయాను. ఆయన నవ్వలేదు. ముప్పై ఏళ్లు ఊదితే పడిన ముద్ర అది. బ్యాండులోకి కొత్తవాణ్ణి తీసుకునేటప్పుడు ముందుగా మూతే చూస్తారట. అసలుది తెచ్చిస్తానని కంప్యూటరంతా వెతికాను. ఎక్కడుంటుంది నా మొహం! సిగ్గుతో చచ్చిపోయాను. తప్పయిపోయిందన్నా, కూర్చో, మళ్లీ తీస్తానని బతిమాలాను.

లైట్లు వేసి దగ్గరగా చూస్తే, ఊదడం మానేసిన నెలలోనే ఆ మచ్చ చాలావరకు పోయింది. నా మొహం చూసి ఆయనకే అర్థమయింది. పెట్టె తెరిచి ట్రంపెట్ తీశాడు. ఊదలేదు. బోసి నోటికి గట్టిగా అదుముకుని, కళ్ల వెంట నీళ్లు వచ్చేదాకా అలాగే కూర్చున్నాడు. దించేసరికి పెదవుల మీద ఎర్రగా, గుండ్రంగా ముద్ర పడింది.

"జల్ది తియ్యి చెల్లె," అన్నాడు. "పోతది."